మా వేలిముద్ర ఉన్న నోటు మాకు తిరిగివ్వండి
యాప్‌లు, గేములు తయారుచేసే తెలుగు ఇంజినీర్లకు బహిరంగ లేఖ

కావలి,
శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లా.

యాప్‌లు, గేములు రాసే ఇంజినీర్లకు, వారిని పనిలో పెట్టుకున్న సంస్థల యజమానులకు నమస్కారం.

నేను ముప్పై రెండేళ్ళు జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలల్లో తెలుగు చెప్పి పదవీ విరమణ చేసినవాణ్ణి. ఉదయగిరి మెట్ట నుంచి అల్లూరు తీరం దాకా నేను పనిచేసిన ఊళ్ళ పిల్లలు కొందరు ఇవాళ హైదరాబాదు, బెంగళూరు, చెన్నై నగరాల్లో మీ వృత్తిలోనే ఉన్నారు. వాళ్ళను చూస్తే నాకు సంతోషం, గర్వం కూడా. అయితే ఈ ఉత్తరం మా వీధిలో ఒకామెకు ఒక యాప్ వల్ల జరిగిన నష్టం గురించి. ఆమె తరఫున ఆ యాప్ తయారుచేసినవారికి రెండుసార్లు రాశాను. మొదటిదానికి యంత్రం పంపిన ఇంగ్లిషు జవాబు వచ్చింది, రెండోదానికి అదీ రాలేదు. ఒక కార్యాలయంలో అర్జీ పెట్టుకుంటే "డబ్బేం పోలేదు కదమ్మా, యాప్ తీసేశారు కదా, ఇంకేముంది" అని పంపించేశారు. ఆ "ఇంకేముంది" అన్న ప్రశ్నకు జవాబు మీ దగ్గర ఉంది కాబట్టి మీకే రాస్తున్నాను.

ఆమె పచ్చళ్ళు పెట్టి అమ్ముతుంది. డ్వాక్రా సంఘంలో తీసుకున్న అప్పుతో మొదలుపెట్టి, ఆవకాయ, ఉసిరికాయ, రొయ్యల పచ్చడి సీసాలకెత్తి, సోషల్ మీడియాలో ఒక పేజీ పెట్టుకుని, ఊరు వదిలి వెళ్ళిన మనవాళ్ళకు కొరియర్లో పంపుతుంది. పేజీ చూసేది తొమ్మిదో తరగతి చదివే కొడుకు. పండగ శుభాకాంక్షల బొమ్మ మీద మన ఫొటో, అంగడి పేరు, ఫోన్ నంబరు వేసి ఇచ్చే యాప్‌లు ఉన్నాయి కదా, అలాంటిది ఒకటి వినాయక చవితికి ఆ పిల్లవాడు ఎక్కించాడు. బొమ్మ తయారయ్యాక "దీన్ని నేరుగా మీ పేజీలో పెట్టమంటారా" అని అది అడిగింది, పిల్లవాడు సరేనన్నాడు. అదే ఫోన్లో తాను ఆడుకునే గేములకు కూడా అమ్మ ఖాతాతోనే లాగిన్ అయ్యాడు, ఎందుకంటే అలా లాగిన్ అయినవారికి ఐదు వందల నాణేలు ఉచితమని గేము ఆశపెట్టింది.

మార్గశిరంలో ఒక రాత్రి ఆమె పేజీలో రంగుల మీద పందెం కాసే ఆట ప్రకటన పడింది. తెల్లారి చూసి కంగారుగా చెరిపేసింది. ఆ రాత్రి మళ్ళీ పడింది. పోస్టర్ల యాప్ మీద అనుమానం వచ్చి దాన్ని ఫోన్లోంచి తీసేసింది. మూడో రాత్రి కూడా పడింది. ఏళ్ళ తరబడి ఆవకాయ తెప్పించుకునే ఒక పెద్దావిడ ఫోన్ చేసి "ఏమ్మా, పచ్చళ్ళు మానేసి జూదం పెట్టావా" అని అడిగిందట. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలనే కాక వాటి ప్రకటనలను కూడా నిషేధిస్తూ 2025 ఆగస్టులో కేంద్రం చట్టం తెచ్చింది కనుక, తన పేరు మీద అలాంటి ప్రకటన కనబడితే పోలీసులు తననే పట్టుకుంటారేమోనని ఆమె వారం రోజులు సరిగా అన్నం తినలేదు. సంక్రాంతికి అరిసెలు, సున్నుండల ఆర్డర్లు ఏటా నలభైకి తగ్గేవి కావు. ఈసారి పదకొండు వచ్చాయి.

ఆమె నా దగ్గరికి వచ్చిన రోజు మా అరుగు మీద కూర్చుని ఫోన్ తెరిచాం. చేతికి నూనె, కారం అంటి ఉండడంతో తెర వేలికి పలకడం లేదు. కొంగుతో తుడుచుకుంటూ సెట్టింగ్స్‌లోకి, అక్కణ్ణుంచి కిందికి, ఇంకా కిందికి జరుపుకుంటూ పోతే "యాప్స్ అండ్ వెబ్‌సైట్స్" అన్న వరుస కనిపించింది. నొక్కితే పంతొమ్మిది పేర్లు. వాటిలో ఆమెకు తెలిసినవి మూడు. గేములు ఆరున్నాయి. మీరు ఏ సినిమా తారను పోలి ఉంటారో చెబుతామని ఎప్పుడో పలకరించిన ఆటవిడుపు యాప్ ఒకటి, జాతకాలది ఒకటి ఉన్నాయి. ఒక్కొక్కటి తెరిచి అది ఏమేం చూడగలదో నేను పైకి చదివాను: పేరు, ఫొటో, పుట్టిన తేదీ, ఈమెయిల్, స్నేహితుల జాబితా. పోస్టర్ల యాప్ దగ్గరికి వచ్చేసరికి "పేజీలో పోస్టులు పెట్టగలదు, పేజీకి వచ్చే సందేశాలు చదవగలదు" అని ఉంది. ఆమె ఆ రెండో మాట దగ్గర నన్ను ఆపింది. "అయ్యవారూ, సీసాలు ఎక్కడికి పంపాలో జనం డోర్ నంబరుతో సహా రాసేది అందులోనే" అంది. అంతవరకూ తన పేరు పోయిందని బాధపడిన మనిషి, తనను నమ్మి చిరునామా ఇచ్చినవాళ్ళ గురించి ఆలోచించి మరింత కుంగిపోయింది. పంతొమ్మిదీ తొలగించేసరికి ముప్పావు గంట పట్టింది. ఆ రాత్రి నుంచి ప్రకటనలు ఆగాయి.

యాప్‌ను ఫోన్లోంచి తీసేయడం వేరు, ఖాతా మీద ఇచ్చిన అనుమతిని రద్దు చేయడం వేరు. లాగిన్ అయినప్పుడు సోషల్ మీడియా సంస్థ మీకు తాళం చెవి లాంటి టోకెన్ ఒకటి ఇస్తుంది. ఇలాంటి పనులకు దాన్ని మీ సర్వర్లో, అంటే మీ సంస్థ కంప్యూటర్లో, దాచుకుంటారు. కాబట్టి మేం యాప్ చెరిపేసినా, ఫోనే మార్చినా, దాని గడువు తీరేదాకానో మేం వెళ్ళి రద్దు చేసేదాకానో ఆ తాళం చెవి పనిచేస్తూనే ఉంటుంది. రద్దు చేసినా ఆగేది ఇకమీదట తీసుకోవడమే, అప్పటికే తీసుకున్నది మీరు చెరిపితే తప్ప పోదు. ఈ సంగతి మీకు ఉద్యోగంలో చేరిన కొత్తల్లోనే తెలుస్తుంది. మా వీధిలో నేను అడిగిన ఇరవై మందిలో ఒక్కరికీ తెలియదు.

మా చిన్నతనంలో మెట్ట ఊళ్ళలో అప్పు కోసం పోయినవాడి చేత ఖాళీ ప్రాంసరీ నోటు మీద వేలిముద్ర వేయించుకునేవారు. అంకె తర్వాత నింపుకునేవారు. నోటులో ఏముందో చదివి వినిపించమని అడిగే ధైర్యం ఉండేది కాదు. మీరు చూపించే "కంటిన్యూ" బొత్తాం నాకు ఆ నోటులాగే కనబడుతోంది. ఒక్క తేడా ఉంది. బాకీ తీరిన రోజున షావుకారు నోటు తెచ్చి, నలుగురి ముందు చింపి, ముక్కలు చేతిలో పెట్టేవాడు. మీరు ఆ పని కూడా చేయడం లేదు.

ఇది ఒక్క పచ్చళ్ళ పేజీతో పోయేది కాదని చెప్పడానికి మీకు తెలిసిన పాత సంగతే ఒకటి గుర్తుచేస్తాను. కేంబ్రిడ్జ్ విశ్వవిద్యాలయ పరిశోధకుడు అలెగ్జాండర్ కోగన్ 2013లో ఫేస్‌బుక్ మీద వ్యక్తిత్వ పరీక్ష అంటూ ఒక ప్రశ్నల యాప్ పెట్టాడు. ఆ సమాచారం కేంబ్రిడ్జ్ అనలిటికా అనే రాజకీయ ప్రచార సంస్థకు చేరిన సంగతి 2018లో లోకానికి తెలిసింది. ఆ యాప్ ఎక్కించుకున్నవారు మన దేశంలో 335 మంది. వారి ద్వారా సమాచారం పోయి ఉండవచ్చని ఫేస్‌బుక్ లెక్కగట్టిన వారి స్నేహితులు 5,62,120 మంది. అంటే బొత్తాం నొక్కిన ఒక్కొక్కరి వెనుక సుమారు 1,678 మంది ఏమీ నొక్కనివాళ్ళు ఉన్నారు. ప్రపంచమంతటా చూస్తే ఆ లెక్క 8 కోట్ల 70 లక్షల దాకా పోయింది. వినియోగదారుల రక్షణ చూసే అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ 2019లో ఫేస్‌బుక్‌కు 500 కోట్ల డాలర్ల జరిమానా వేసింది. స్నేహితుల సమాచారాన్ని అలా ఊడ్చుకుపోయే దారిని ఫేస్‌బుక్ 2015 నాటికే మూసింది. 2018లో, మూడు నెలలు వాడని యాప్‌లకు సమాచారం ఆపేస్తామని కూడా ప్రకటించింది. అయినా ఆ గడువు దాటాక కూడా దాదాపు 5,000 మంది డెవలపర్లకు కొంత సమాచారం అందుతూనే ఉందని 2020 జులైలో ఆ సంస్థే ఒప్పుకుంది. తలుపు మూశామని పెద్దసంస్థ చెప్పినంత మాత్రాన మూసినట్టు కాదని అర్థమయ్యాకే, లోపలికి వచ్చేవాళ్ళనే అడుగుదామని మీకు రాస్తున్నాను.

చట్టం కూడా మా పక్షానే ఉంది. గోప్యత ప్రాథమిక హక్కేనని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకగ్రీవంగా చెప్పింది. 2023లో డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ చట్టం వచ్చింది, 2025 నవంబరులో దాని నియమాలు వచ్చాయి. సంస్థల మీద పెట్టిన ప్రధాన బాధ్యతలు అమలు కావడానికి అప్పటి నుంచి 18 నెలల గడువు ఇచ్చారు. ఆ గడువు మీరు సిద్ధం కావడానికి ఇచ్చింది. ఈలోగా ఊడ్చుకోగలిగినంత ఊడ్చుకోవడానికి దాన్ని వాడుకోకండని నా మొదటి విన్నపం. మిగిలినవి వరుసగా రాస్తున్నాను.

1. అనుమతి అడిగే తెర తెలుగులో ఉండాలి. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులోని ఏ భాషలోనైనా ఆ సమాచారాన్ని చదువుకునే వీలు కల్పించాలని చట్టమే చెబుతోంది, ఆ 22 భాషల్లో తెలుగు ఒకటి. అయితే యంత్రం చేత మార్పించి పెడితే సరిపోదు. "మేము మీ సామాజిక గ్రాఫ్‌ను ప్రాప్యత చేస్తాము" అన్న వాక్యం ఒక యాప్‌లో చూశాను. ముప్పై రెండేళ్ళు తెలుగు చెప్పిన నాకే అది రెండుసార్లు చదివితే గాని అర్థం కాలేదు. "మీ స్నేహితులు ఎవరెవరో మేం చూస్తాం, మీ పేరుతో మీ పేజీలో రాస్తాం, మీకు వచ్చే సందేశాలు చదువుతాం" అని రాయండి. అలా రాస్తే జనం వద్దంటారని మీరు భయపడుతున్నారంటే, ఇంతకాలం ఎలా ఒప్పించారో మీకు తెలిసే ఉంటుంది. ఇదే జిల్లాలోని దూబగుంటలో 1990ల మొదట్లో అక్షరాలు దిద్దిన ఆడవాళ్ళే మా ఊళ్ళో సారా అంగడి ఎందుకని నిలదీశారు. ఆ మాట ఊరూరా పాకి 1993 అక్టోబరు 1న రాష్ట్రంలో సారా అమ్మకం ఆగింది. మా పచ్చళ్ళామె తల్లి ఆ రోజుల్లోనే రాత్రిబడిలో అక్షరాలు నేర్చుకున్నది. ఆమె కూతురు తన సొంత భాషలో ఉన్న నాలుగు వాక్యాలు చదివి వద్దు అనగలదు. ఆ నాలుగు వాక్యాలే మేం అడుగుతున్నాం.

2. పనికి ఏది కావాలో అదే అడగండి. బొమ్మ తయారుచేసే యాప్‌కు సందేశాలు చదివే పనేముంది? రంగు ముక్కలు జతచేసే గేముకు పుట్టిన తేదీతో, స్నేహితుల జాబితాతో ఏం పని? చట్టంలోనే ఒక ఉదాహరణ ఉంది: ఫోన్లో వైద్యం అందించే యాప్ ఒకటి ఫోన్లోని నంబర్ల జాబితాకు కూడా అనుమతి అడిగితే, యాప్ వాడే మనిషి రెండింటికీ ఒప్పుకున్నా, ఆ ఒప్పుకోలు వైద్యం వరకే చెల్లుతుంది. అంటే అక్కరలేనిదానికి అనుమతి ఇచ్చినా ఇవ్వనట్టే. అలాంటి అనుమతిని తీసుకుని దాచుకోవడం దేనికి?

3. మా ఇళ్ళలో ఫోన్ ఒకటే ఉంటుంది. పగలు తల్లి చేతిలో వ్యాపారానికి, సాయంత్రం పిల్లల చేతిలో ఆటకు, రాత్రి తండ్రి చేతిలో వార్తలకు. మీరు ఖాతా ఒక్కటే చూసి మనిషి ఒక్కరే అనుకుంటారు. తల్లి ఖాతా మీద పిల్లవాడు నొక్కిన దాన్ని తల్లి అనుమతిగా లెక్కవేస్తారు. పిల్లవాడి ఆటను కూడా తల్లి అలవాటుగానే రాసుకుంటారు. పద్దెనిమిదేళ్ళ లోపువారి సమాచారం తీసుకోవాలంటే తల్లిదండ్రుల అనుమతిని సరిచూసుకోవాలి, పిల్లల కదలికలను వెంబడించకూడదు, వారిని గురిపెట్టి ప్రకటనలు వేయకూడదు అని చట్టం అంటోంది. తప్పితే జరిమానా 200 కోట్ల రూపాయల దాకా ఉంది. పిల్లలు ఆడతారని తెలిసిన గేములన్నిట్లో లాగిన్ లేకుండా ఆడే దారి మొదట, పెద్ద అక్షరాల్లో ఉండాలి. లాగిన్ అయితే నాణేలు ఇస్తామనడం మానేయండి. పదమూడేళ్ళ పిల్లవాడికి ఐదు వందల నాణేలు చూపి తల్లి పేజీ తాళం చెవి అడగడాన్ని నేను ఏ మాటతోనూ సమర్థించలేను, మీరు కూడా మీ ఇంట్లో పిల్లల విషయంలో ఒప్పుకోరు.

4. స్నేహితుల జోలికి పోవద్దు. నా అనుమతితో మా బావమరిది ఫోన్ నంబరు, మా పక్కింటివాళ్ళ అమ్మాయి ఫొటో మీ దగ్గరికి చేరడానికి వీల్లేదు. అవి ఇవ్వడానికి నేనెవర్ని?

5. నోటు చింపండి. యాప్ లోపలే, మొదటి తెర నుంచి రెండు నొక్కుళ్ళలో దొరికేటట్టు, "నా ఖాతాతో సంబంధం తెంచు, నా సమాచారం చెరిపెయ్యి" అన్న బొత్తాం పెట్టండి. అనుమతి ఇవ్వడం ఎంత సులువో వెనక్కి తీసుకోవడం కూడా అంత సులువుగా ఉండాలని చట్టం చెబుతోంది. ఇవ్వడానికి ఒక్క నొక్కుడు, తీసుకోవడానికి ముప్పావు గంట అనేది అందులో ఇమడదు. ముప్పై రోజులు ఎవరూ తెరవని యాప్‌కు సంబంధించిన టోకెన్లను మీ అంతట మీరే రద్దు చేసుకోండి. సమాచారం చెరిపేసే దారి చూపమని ఫేస్‌బుక్ తన డెవలపర్లను అడుగుతుంది కదా, అక్కడ తెరుచుకోని పేజీని పెట్టి చేతులు దులుపుకోకండి. చెరిపేశాక, ఏం చెరిపారో, ఏ తేదీన చెరిపారో ఒక సందేశం పంపండి. చిరిగిన ముక్కలు చేతిలో పెట్టడమంటే అదే.

6. యాప్‌ను మరొకరికి అమ్మితే మాకు చెప్పండి, మా అనుమతి మళ్ళీ అడగండి. పోస్టర్ల యాప్ చేతులు మారిందా, దాని సర్వర్లోకి ఎవరైనా చొరబడ్డారా అన్నదే నేను రెండు ఉత్తరాల్లోనూ అడిగింది. ఆమె తన కొనుగోలుదారులకు చెప్పుకోవలసిన సమాధానం అందులోనే ఉంది.

7. అప్పులిచ్చే యాప్‌లు ఫోన్లోని నంబర్ల జాబితా, ఫొటోలు, కాల్ వివరాల జోలికి పోకూడదని రిజర్వు బ్యాంకు 2022 సెప్టెంబరు 2న మార్గదర్శకాలిచ్చింది. వాయిదా ఒకరోజు ఆలస్యమైతే బంధువులందరికీ ఫోన్లు చేసి పరువు తీసిన అనుభవాల తర్వాతే ఆ కట్టడి వచ్చింది. గేములకు, పోస్టర్లకు, జాతకాలకు కూడా అదే కట్టడిని ఎవరూ విధించకముందే మీరు పాటించండి.

8. ఫిర్యాదు వినే మనిషి ఒకరుండాలి. పేరు, తెలుగులో మాట్లాడే ఫోన్ నంబరు, జవాబిచ్చే గడువు యాప్‌లోనే రాయండి. సోషల్ మీడియా సంస్థలు ఫిర్యాదు అందినట్టు 24 గంటల్లో తెలపాలని, 15 రోజుల్లో తేల్చాలని 2021లో వచ్చిన ఐటీ నియమాలు మొదట చెప్పాయి. నలుగురు కుర్రవాళ్ళు కలిసి పెట్టిన చిన్న సంస్థయినా నెల్లాళ్ళలో ఒక్క ఉత్తరానికి బదులివ్వడం అసాధ్యమని నేను అనుకోను.

సంస్థ అడిగింది మేం రాస్తాం, ఏం అడగాలో నిర్ణయించేది మేం కాదు అని మీలో కొందరంటారని తెలుసు. నా పాత విద్యార్థి ఒకడు ఫోన్లో ఇదే మాట అన్నాడు. పూర్తిగా కాదనను. జీతం ఇచ్చేవాడి మాట తోసిపుచ్చడం కష్టం. కానీ అనుమతుల జాబితాలో ఒక వరుస చేర్చేది మీ చేయి. "ఇది దేనికి సార్" అని ఆ గదిలో అడగగలిగేది కూడా మీరే. ఆ గదిలోకి మేం రాలేం. ఆ ప్రశ్న ప్రతిసారీ అడగండి, జవాబు రాతలో తీసుకోండి.

ఈలోగా మేం చేయగలిగింది మేం చేసుకుంటున్నాం. ఆదివారాలు మా అరుగు మీద సంఘం ఆడవాళ్ళు ఫోన్లు తెచ్చుకుని కూర్చుంటున్నారు. ఫేస్‌బుక్ సెట్టింగ్స్‌లో యాప్‌ల, వెబ్‌సైట్ల వరుస, గూగుల్ ఖాతాలో ఇతర యాప్‌లకు ఇచ్చిన అనుమతుల వరుస తెరిచి, తెలియనివి తీసేస్తున్నాం. గేములకు వ్యాపారపు ఖాతాతో లాగిన్ కావద్దని పిల్లలకు చెబుతున్నాం. మొన్న ఒకామె ఫోన్లో నలభై ఒకటి బయటపడ్డాయి, సగం చూసేసరికి దీపాల వేళైంది, మిగిలినవి వచ్చే వారానికి పెట్టుకున్నాం. ఎవరి డబ్బయినా మోసంతో పోతే సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు 1930కి వెంటనే ఫోన్ చేయమని గోడ మీద రాసి పెట్టాం. ఇలా ఒక్కో ఫోనూ తుడుచుకుంటూ పోవడం మా వంతు పనే, కానీ మీరు అక్కడ ఒక వరుస తగ్గిస్తే ఇక్కడ మాకు ఒక ఆదివారం మిగులుతుంది.

ఉగాది తర్వాత ఆమె కొత్త పేజీ పెట్టుకుంది. పాతదానిలో ఉన్న కొనుగోలుదారులందరికీ తానే ఫోన్ చేసి, మీ చిరునామా ఎవరి చేతిలోనైనా పడి ఉండవచ్చు, తెలియనివాళ్ళెవరైనా పార్సిలు వచ్చిందని ఫోన్ చేస్తే నమ్మకండి అని చెప్పింది. ఆ ఫోన్లు చేయవలసినవాళ్ళు వేరే ఉన్నారు.

ఈ లేఖకు ఆ పోస్టర్ల యాప్ తయారుచేసినవారు గాని, మీలో ఎవరైనా గాని ముప్పై రోజుల్లో జవాబు రాయాలని కోరుతున్నాను. తెలుగులో రాయండి. నేను చదివి వినిపించే అవసరం లేదు, ఆమే చదువుకుంటుంది.

ఇట్లు,
విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు,
కావలి.